ఇంటికి ఒక ధర, గడువుకు మరో ధర

2023 ఏప్రిల్‌లో ఒక ఆదివారం మా తోడల్లుడు బ్యాంకు స్టేట్‌మెంట్ పట్టుకుని మా ఇంటికి వచ్చాడు. నిజాంపేటలో ఫ్లాటు కొనడానికి అతను 2022 జనవరిలో 50 లక్షలు అప్పు తీసుకున్నాడు. వడ్డీ 6.75 శాతం, గడువు 20 ఏళ్లు, నెలకు 38,018 రూపాయల ఈఎంఐ. అప్పటికి అతనికి 40 ఏళ్లు. రిటైరయ్యే నాటికి అప్పు తీరి ఇల్లు మిగులుతుందని లెక్క వేసుకున్నాడు. పద్నాలుగు కిస్తీలు ఒక్క రోజు ఆలస్యం కాకుండా కట్టాడు. కట్టినది మొత్తం 5 లక్షల 32 వేలు. అందులో అసలుకు జమైంది సుమారు 80 వేలు.

అతన్ని మా ఇంటికి నడిపించింది ఆ అంకె కాదు. "అన్నయ్యా, ఈ కింది వరస చూడండి" అంటూ వేలు పెట్టి చూపించాడు. మిగిలిన కిస్తీలు 346 అని ఉందక్కడ. ఇరవై ఏళ్లంటే 240 కిస్తీలు. పద్నాలుగు కట్టాక 226 మిగలాలి. నూట ఇరవై కిస్తీలు, అంటే పదేళ్లు, ఎక్కడి నుంచో వచ్చి చేరాయి. ఈఎంఐ సుమారు 40,800 అయిందని ఫోనుకు మెసేజ్ వచ్చిన మాట నిజమే. నెలకు 2,800 పెరిగితే సర్దుకోవచ్చులే అని ఊరుకున్నాడు. 60 ఏళ్లకు తీరవలసిన అప్పు 70 ఏళ్ల దాకా సాగిందన్న సంగతి ఆ రోజు స్టేట్‌మెంట్ చూసేదాకా అతనికి తెలియదు.

ఇది ఒక్క బ్యాంకులోనో ఒక్క ఇంట్లోనో జరిగిన వింత కాదు. అతని వడ్డీ రెపో రేటుకు, అంటే బ్యాంకులకు రిజర్వు బ్యాంకు అప్పిచ్చే రేటుకు, 2.75 శాతం కలిపి లెక్కకట్టింది. అప్పు తీసుకున్న నాటికి రెపో 4 శాతం. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి వరకు రిజర్వు బ్యాంకు దాన్ని విడతలవారీగా 6.5 శాతానికి తీసుకెళ్లింది. దాంతో అతని వడ్డీ 9.25 శాతానికి చేరింది. మిగిలిన 49 లక్షల 20 వేల మీద ఒక నెల వడ్డీయే దాదాపు 37,925 రూపాయలు. పాత ఈఎంఐ 38,018 కడుతూ పోతే నెలకు వంద రూపాయలు కూడా అసలుకు జమకావు. అప్పు తీరడానికి అరవై ఏళ్లకు పైగా పడుతుంది. కాబట్టి బ్యాంకు గడువును ముప్పై ఏళ్లకు సాగదీసి, ఈఎంఐని కొద్దిగా పెంచింది. ఒప్పందంలో అందుకు వీలుంది. సంతకం అతనిదే.

ఆ రోజు మేమిద్దరం కూర్చుని రెండు లెక్కలు వేశాం. ఆ 9.25 శాతమే చివరిదాకా ఉంటుందనుకుంటే, 346 నెలల దారిలో, ఇప్పటికే కట్టినది కూడా కలిపి, అతను మొత్తం కట్టేది సుమారు కోటీ 46 లక్షలు. గడువు పెంచకుండా పాత 226 నెలల్లోనే తీర్చాలంటే ఈఎంఐ సుమారు 46,000 కావాలి, అలాగే కలిపి చూస్తే మొత్తం సుమారు కోటీ 9 లక్షలు అవుతుంది. నెలకు ఐదు వేల రెండు వందల తేడా చివరికి 37 లక్షల తేడాగా తేలింది. ఈ రెండు దారుల్లో ఏది కావాలని అతన్ని ఎవరూ అడగలేదు.

ఇంటి అప్పు గురించి మన ఇళ్లలో జరిగే మాటలన్నీ రెండు అంకెల చుట్టూ తిరుగుతాయి. వడ్డీ ఎంత? ఈఎంఐ ఎంత? పావు శాతం తక్కువ వస్తుందని తెలిస్తే నాలుగు బ్యాంకులు తిరుగుతాం. జీతంలో ఈఎంఐ ఇముడుతుందని తేలగానే సంతకానికి సిద్ధపడతాం. ఈ రెండింటికన్నా పెద్ద ఖర్చు గడువులో ఉంది. గడువు ఎంత ఉండాలన్నది మాత్రం చాలాసార్లు అవతలివాళ్లే చెబుతారు, మనం తల ఊపుతాం.

8.5 శాతం వడ్డీకి 50 లక్షల అప్పును తీసుకోండి. పదిహేనేళ్లలో తీరిస్తే ఈఎంఐ 49,237, మొత్తం కట్టేది సుమారు 88 లక్షల 63 వేలు. ఇరవై ఏళ్లయితే ఈఎంఐ 43,391, మొత్తం కోటీ 4 లక్షలు. ముప్పై ఏళ్లయితే ఈఎంఐ 38,446, మొత్తం కోటీ 38 లక్షలు. ఇరవై నుంచి ముప్పైకి వెళ్లినందుకు నెలకు మిగిలేది ఐదు వేలకన్నా తక్కువ. దానికి చెల్లించే మూల్యం 34 లక్షలు. వడ్డీ రేటులో పావు శాతం కోసం గంటసేపు బేరమాడే మనిషి ఈ 34 లక్షల దగ్గర ఒక్క ప్రశ్న కూడా అడగడు.

ఇరవై ఏళ్ల లెక్కలోనే ఇంకొంచెం లోపలికి వెళదాం. మొదటి నెల కట్టే 43,391లో వడ్డీ 35,417, అసలుకు పోయేది 7,974. ఐదేళ్లు కట్టాక జేబులోంచి పోయింది 26 లక్షలు, అప్పులో తగ్గింది 6 లక్షలు కూడా కాదు. ప్రతి కిస్తీలో వడ్డీ కన్నా అసలు వాటా ఎక్కువయ్యే రోజు పన్నెండో ఏడు నిండుతుండగా వస్తుంది. తీసుకున్న 50 లక్షల్లో సగం తీరడానికి దాదాపు పద్నాలుగేళ్లు పడుతుంది. ఐదారేళ్లకు ఫ్లాటు అమ్మేసి పెద్దదానికి మారదామనుకునేవాళ్లు, పిల్లల చదువుల నాటికి అప్పు సగమైనా తగ్గుతుందని ధైర్యంగా ఉన్నవాళ్లు ఈ అంకెలను ఒకసారి తమ అప్పుకు వేసి చూసుకోవాలి.

మన ఊళ్లలో వడ్డీని ఏడాదికి ఇంత శాతమని చెప్పరు. నూటికి నెలకు ఇంత అంటారు. నూటికి రెండు రూపాయలంటే ఎక్కువ, రూపాయంటే ఫరవాలేదు, ముప్పావలా అంటే అయినవాళ్ల మధ్య మాట. ఆ భాషలో చెబితే 8.5 శాతం ముప్పావలా కన్నా తక్కువ, 71 పైసలు. ఇంత తక్కువ వడ్డీకి తీసుకుని కూడా రెండింతలు పైగా కట్టడమేమిటని ఎవరికైనా అనిపిస్తుంది. రేటు అన్యాయమైనది కావడం వల్ల కాదు, తక్కువ వడ్డీయే ఇరవై ఏళ్లు పాకడం వల్ల. ఈ రెండింతల గీత మనకు కొత్త కాదు. 1938లో, కోస్తా, రాయలసీమ జిల్లాలు కూడా భాగంగా ఉన్న మద్రాసు ప్రెసిడెన్సీలో, రాజాజీ ప్రభుత్వం రైతుల రుణ విమోచన చట్టం తెచ్చింది. పాత అప్పుల విషయంలో రైతు అసలుకు రెండింతలు చెల్లించి ఉంటే, అది ఏ పేరుతో చెల్లించినా సరే, ఆ అప్పు తీరినట్టేనని ఆ చట్టం చెప్పింది. షావుకార్లు ఎక్కువ వడ్డీలు గుంజిన కాలంలో రెండింతలన్నది అన్యాయానికి గీసిన హద్దు. ఈనాటి ఇంటి అప్పును షావుకారు అప్పుతో పోల్చకూడదు. అయినా ఆ రెండింతల గీతను సాధారణ ఉద్యోగి మామూలు రేటుకే దాటుతున్నాడని గుర్తుంచుకోవాలి.

ఇక్కడ అవతలి వాదన కూడా న్యాయంగా చెప్పాలి. కట్టేదంతా కూడి కోటీ 4 లక్షలని భయపెట్టడం సగం నిజమే. పదిహేనేళ్ల తర్వాత కట్టే 43 వేలు ఈనాటి 43 వేలతో సమానం కాదు. ధరలు ఏటా 5 శాతం పెరుగుతాయనుకుంటే చివరి కిస్తీ విలువ ఈనాటి రూపాయల్లో సుమారు 16 వేలే. మొత్తం కిస్తీలను ఈనాటి విలువకు తెస్తే సుమారు 66 లక్షలు అవుతుంది. అంటే 50 లక్షల మీద నిజంగా పడే భారం 16 లక్షలు. జీతం ఏటేటా పెరిగేవారికి అప్పు తనంతట తానే తేలికవుతుంది. అద్దె కూడా మిగులుతుంది. ఇరవై ఏళ్ల క్రితం కొండాపూర్‌లోనో మాదాపూర్‌లోనో అప్పు చేసి కొన్నవారిని అడిగితే వాళ్లు వడ్డీ గురించి ఒక్క ముక్క చెడ్డగా మాట్లాడరు.

ఈ వాదన నిలిచేది ఒక షరతు మీదే. జీతం ధరలతో పాటు పెరగాలి, మధ్యలో తెగకూడదు. ఐటీలో ఉద్యోగాలు ఎలా పోతున్నాయో హైదరాబాద్‌లో ప్రతి అపార్ట్‌మెంటుకూ తెలుసు. మూడు నెలలు వరసగా కిస్తీ కట్టకపోతే బ్యాంకు ఆ అప్పును మొండి బకాయిగా రాస్తుంది. ఆపైన 2002 నాటి సర్ఫేసీ చట్టం ప్రకారం 60 రోజుల నోటీసు ఇచ్చి, కోర్టుకు వెళ్లకుండానే ఇంటిని స్వాధీనం చేసుకునే ప్రక్రియ మొదలుపెట్టవచ్చు. 70 ఏళ్లదాకా సాగిన గడువులో చివరి పదేళ్లు జీతమే ఉండదు, పింఛనూ చాలామందికి ఉండదు. ద్రవ్యోల్బణం అప్పును తేలిక చేస్తుందన్న మాట ఆ పదేళ్లకు వర్తించదు.

గడువు ఇలా సాగడానికి వీలిచ్చేది తేలే వడ్డీ, అంటే ఫ్లోటింగ్ రేటు. అమెరికాలో మనవాళ్లు చాలామంది తీసుకునేది ముప్పై ఏళ్ల స్థిర వడ్డీ అప్పు. 2021లో డాలస్‌లోనో న్యూజెర్సీలోనో 3 శాతం దగ్గర ఇల్లు కొన్నవారికి, ఆ మరుసటి ఏడు అక్కడి రేట్లు 7 శాతం దాటినా కిస్తీలో అసలు, వడ్డీ అంకె కదల్లేదు. రేటు పెరిగే ప్రమాదాన్ని అక్కడ అప్పిచ్చినవాళ్లు మోస్తారు. ఇక్కడ అప్పు తీసుకున్నవాళ్లే మోస్తారు. అందుకే బ్యాంకు చూపించే మొదటి రోజు లెక్కను ధరగా భావించకూడదు, అంచనాగానే తీసుకోవాలి.

రేటు పెరిగినప్పుడు వెంటనే పెంచి, తగ్గినప్పుడు నాన్చడం ఒకప్పటి బ్యాంకుల అలవాటు. దాన్ని తప్పించడానికే 2019 అక్టోబర్ 1 నుంచి బ్యాంకులు కొత్త గృహరుణాలను రెపో వంటి బయటి ప్రమాణానికి కట్టాలని రిజర్వు బ్యాంకు ఆదేశించింది. దీనివల్ల మేలు జరిగింది. 2025లో రెపో నాలుగు విడతల్లో తగ్గి డిసెంబరుకు 5.25 శాతానికి వచ్చినప్పుడు ఆ తగ్గుదల అప్పులకూ అందింది. అయితే హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలకు ఈ నిబంధన లేదు. 2019కి ముందు పాత పద్ధతుల్లో అప్పు తీసుకుని ఇంకా అక్కడే ఉన్నవారూ ఉన్నారు. రెపో మీద బ్యాంకు కలుపుకునే అదనపు వాటా కూడా అందరికీ ఒకటి కాదు. 2023లో మా తోడల్లుడు 9.25 కడుతున్న రోజుల్లోనే కొత్తగా వచ్చేవారికి 8.5 దగ్గర అప్పులు దొరికాయి. నమ్మకంగా కడుతున్న పాత ఖాతాదారుకు ఎక్కువ, గుమ్మంలో నిలబడిన కొత్తవారికి తక్కువ. ఇది తప్పు. కొద్దిపాటి రుసుముతో రేటు తగ్గించమని లేఖ ఇచ్చే వీలు చాలాచోట్ల ఉంది. అడగనివారికి మాత్రం ఎవరూ చెప్పరు.

ఈఎంఐలో కనపడని ఖర్చులు కూడా ఉన్నాయి. 30 లక్షల పైన 75 లక్షల వరకు అప్పు ఇంటి విలువలో 80 శాతానికి మించి ఇవ్వకూడదు, రిజిస్ట్రేషన్ ఖర్చును ఆ విలువలో కలపకూడదు. 62 లక్షల 50 వేల ఫ్లాటుకు 50 లక్షలు అప్పు వస్తే, 12 లక్షల 50 వేలు చేతినుంచి పెట్టాలి. రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ రిజిస్ట్రేషన్ ఖర్చు విలువలో సుమారు ఏడున్నర శాతం. నిర్మాణంలో ఉన్న ఫ్లాటుకు పైన 5 శాతం జీఎస్‌టీ. కార్పస్ ఫండు, ఉడ్‌వర్కు వేరు. ఈ సొమ్ము కోసం బంగారం తాకట్టు పెట్టేవారు, చిట్టీ ముందే పాడేవారు, పర్సనల్ లోన్ తీసుకునేవారు ఎంతోమంది. ఆ వడ్డీలను ఎవరూ ఇంటి ఖాతాలో రాయరు.

వీటన్నింటిలో నాకు ఎక్కువ బాధ కలిగించేది బీమా. సంతకాల రోజున ఆఖరి కాగితాల మధ్య ఒక పాలసీ ఫారం ఉంటుంది. ఇది కూడా పెట్టేయండి సార్, లోన్‌లోనే కలిపేస్తాం, మీ జేబులోంచి ఏమీ కట్టక్కర్లేదు అంటారు. ప్రీమియం లక్షా 50 వేలనుకోండి. అప్పులో కలిస్తే ఇరవై ఏళ్లలో దానికి కట్టేది 3 లక్షల 12 వేలు. ఇంటి పెద్దకు ఏమైనా అయితే కుటుంబం వీధిన పడకుండా బీమా ఉండాల్సిందే, అందులో రెండో మాట లేదు. కానీ ఆ పాలసీనే తీసుకోవాలన్న నిర్బంధం లేదు. విడిగా టర్మ్ పాలసీ తీసుకుంటే ఏటా ప్రీమియం ఏటా కట్టుకోవచ్చు, దాని మీద వడ్డీ పడదు.

పన్ను కలిసొస్తుంది కదా అన్న మాటా పాతబడింది. ఇప్పుడు డిఫాల్ట్‌గా వర్తించేది కొత్త పన్ను విధానం. అందులో సొంతంగా ఉంటున్న ఇంటి వడ్డీకి మినహాయింపు లేదు. పాత విధానంలో ఉన్నా ఏడాదికి 2 లక్షలే హద్దు. 50 లక్షల అప్పు మీద మొదటి ఏడాది వడ్డీయే 4 లక్షల 20 వేలు. 30 శాతం పన్ను కట్టేవారికి కూడా మిగిలేది 62 వేలు. పన్ను కోసం అప్పు తీర్చకుండా ఉంచుకోమని సలహా ఇచ్చేవారి లెక్క ఇక్కడే తప్పుతోంది.

మన చేతిలో ఉన్న బలం ముందుగా కట్టడం. ఫ్లోటింగ్ రేటు గృహరుణాన్ని ముందే తీర్చే వ్యక్తుల నుంచి బ్యాంకులు జరిమానా వసూలు చేయకూడదని 2012లోనే రిజర్వు బ్యాంకు చెప్పింది. 8.5 శాతం, ఇరవై ఏళ్ల అప్పులో మొదటి నెలలోనే అదనంగా ఒక లక్ష కడితే చివరన 12 కిస్తీలు తెగిపోతాయి, అంటే 5 లక్షల 20 వేలు. అదే లక్ష పదిహేనేళ్లు గడిచాక కడితే తెగేది మూడున్నర కిస్తీలు. కాబట్టి బోనస్ వచ్చినా, ఊళ్లో పొలం అమ్మిన వాటా వచ్చినా, ఆరు నెలల కిస్తీలకు సరిపడా సొమ్ము విడిగా ఉంచుకుని మిగిలినది తొలి ఏళ్లలోనే అప్పులో వేయాలి. అంత లేనివారు ఏడాదికి ఒక్క ఈఎంఐ అదనంగా కట్టినా అప్పు మూడేళ్లకు పైగా ముందే తీరుతుంది, పది లక్షల దాకా మిగులుతుంది. కట్టేటప్పుడు ఈఎంఐ తగ్గించమనకూడదు, గడువు తగ్గించమని రాసివ్వాలి. రెపో తగ్గినప్పుడు కూడా అంతే.

నిబంధనలు లేవని కాదు. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచాలా, గడువు పెంచాలా, రెండూనా అన్నది అప్పు తీసుకున్నవారే ఎంచుకోవాలని 2023 ఆగస్టు 18న రిజర్వు బ్యాంకు ఉత్తర్వు ఇచ్చింది. మా తోడల్లుడికి అది నాలుగు నెలలు ఆలస్యంగా వచ్చింది. ప్రతి మూడు నెలలకు ఇప్పటిదాకా పోయిన అసలెంత, వడ్డీ ఎంత, మిగిలిన కిస్తీలెన్ని అని స్టేట్‌మెంట్ ఇవ్వాలని కూడా అదే ఉత్తర్వు చెబుతోంది. 2024 అక్టోబర్ 1 నుంచి కొత్త గృహరుణాలన్నింటికీ ఖర్చులన్నీ కలిపిన ఏడాది రేటుతో ముఖ్యాంశాల పత్రం ఇవ్వాలి, అది కూడా అప్పు తీసుకునేవారికి అర్థమయ్యే భాషలో. తెలుగు రాష్ట్రాల్లో ఆ పత్రం ఎవరూ అడగకముందే తెలుగులో చేతికి రావాలి. రాష్ట్రస్థాయి బ్యాంకర్ల సమితి తన సమావేశాల్లో దీన్ని పట్టుబట్టి అమలు చేయించాలి. ఇంకొక్కటి కూడా కావాలి. ఖాతాదారు మౌనంగా ఉంటే గడువు పెంచేయడం కాకుండా, రాతపూర్వకంగా ఒప్పుకుంటేనే గడువు పెంచాలన్న నియమం రావాలి. అరవై దాటి అప్పు సాగుతుందన్నప్పుడు ఒక మెసేజ్ చాలదు.

అంతవరకు ఆగకండి. మీ బ్యాంకు యాప్‌లోనో బ్రాంచిలోనో ఈ వారమే స్టేట్‌మెంట్ తీసుకోండి. మిగిలిన కిస్తీల సంఖ్యకు ఇప్పటిదాకా కట్టినవి కలపండి. మొదటి రోజు మీరు సంతకం పెట్టిన సంఖ్యకన్నా అది ఎక్కువగా ఉంటే, గడువును పాత చోటికి తెమ్మని రాసిచ్చి, ఆ లేఖ అందినట్టు ముద్ర వేయించుకోండి.